ఒక ఊరి ఆటస్థలం

తెలుగులో 'ఆడు' అనే క్రియకు పని ఎక్కువ. పిల్లలు బంతి ఆడతారు. పెద్దలు మాట ఆడతారు. నిజమాడినా బొంకాడినా క్రియ అదే. గాలి ఆడుతుంది, ఊపిరి ఆడుతుంది. అది ఆడకపోతే ప్రాణం నిలువదు. ఆటకూ మాటకూ ఊపిరికీ మన పూర్వులు ఒకే క్రియను సరిపెట్టడం భాషలో పదాలు చాలక కాదనీ, ఆ మూడింటి నడుమనున్న చుట్టరికాన్ని గుర్తించడం వల్లనేననీ నా విశ్వాసం. ముప్పదిమూడేళ్లు ఉన్నత పాఠశాలలలో తెలుగు చెప్పిన నాకు ఈ చుట్టరికానికి చక్కని ఉదాహరణ ఉద్యోగ విరమణ తరువాత, అదీ మన దేశంలో కాక ఐర్లండులో దొరికింది. క్రాస్‌మాగ్లెన్ అనే చిన్న ఊరు, ఆ ఊరి ఫుట్‌బాల్ సంఘం, ఆ సంఘపు ఆటస్థలం. వీటి కథనే ఇక్కడ చెప్పదలచాను.

మా అబ్బాయి ఐర్లండులోని డన్‌డాక్ పట్టణంలో ఉద్యోగం చేస్తున్నాడు. 2025 వేసవిలో మేము దంపతులం అక్కడ రెండు నెలల పైచిలుకు ఉన్నాము. ఎనిమిదేళ్ల మా మనుమరాలు అక్కడే పుట్టి పెరుగుతున్న పిల్ల. ప్రతి శనివారం ఉదయం బంతి చంకన పెట్టుకొని మైదానానికి పోతుంది. "ఏం ఆటమ్మా అది?" అని అడిగితే "గేలిక్, తాతయ్యా" అన్నది, అంతకుమించి చెప్పవలసినదేమీ లేనట్లు. ఫుట్‌బాల్ అంటే కాలితో తన్నేదనీ, రగ్బీ అంటే చేత పట్టుకొని పరుగెత్తేదనీ మాత్రమే తెలిసిన నాకు ఈ ఆటలో ఆ పిల్లే మొదటి గురువు.

గేలిక్ ఫుట్‌బాల్ జట్టుకు పదిహేనుమంది. బంతిని చేత పట్టవచ్చు, కాలితో తన్నవచ్చు, పిడికిలితో కొట్టి తోటివారికి అందించవచ్చు. అయితే చేత పట్టుకొని నాలుగడుగులకు మించి పోరాదు. ఆలోగా బంతిని నేలకు కొట్టి పట్టుకోవాలి, లేదా కాలివేళ్లతో పైకి ఎగదన్ని మరల చేతికి తెచ్చుకోవాలి. నేలకు కొట్టడం వరుసగా రెండుమార్లు పనికిరాదు. మన చెడుగుడులో కూత ఆగితే ఆట పోయినట్లే, ఇక్కడ అడుగుల లెక్క తప్పితే బంతి పోతుంది. గోలు స్తంభాలు ఇంగ్లీషు హెచ్ అక్షరం ఆకారంలో ఉంటాయి. అడ్డకొయ్య కింద వలలో పడితే గోలు, దానికి మూడు పాయింట్లు. అడ్డకొయ్య మీదుగా పోతే ఒక పాయింటు. 2025 లో వచ్చిన కొత్త నిబంధన ప్రకారం నలభై మీటర్ల గీత వెలుపలినుండి తన్నితే రెండు. లెక్క రాసేటప్పుడు గోల్సును, పాయింట్లను విడివిడిగా రాస్తారు. 1-12 అంటే ఒక గోలు, పన్నెండు పాయింట్లు, వెరసి పదిహేను.

ఈ ఆటకు సంబంధించిన రెండు విషయాలు నన్ను ఆశ్చర్యపరచాయి. మొదటిది, ఎంత గొప్ప ఆటగానికైనా జీతం లేదు. ఆదివారం నాడు ఎనభై రెండు వేలమంది పట్టే డబ్లిన్ క్రోక్ పార్కులో జేజేలందుకున్నవాడు సోమవారం ఉదయం బడిలో పాఠం చెబుతుంటాడు, లేదా పాలు పితుకుతుంటాడు. రెండవది, ఏ సంఘానికి ఆడాలో ఎంచుకొనే స్వేచ్ఛ సాధారణంగా ఆటగానికి ఉండదు. ఒక చర్చి పరిధిలోని పల్లెలన్నీ కలిసి ఒక పారిష్. ప్రతి పారిష్‌కు ఒక సంఘం. ఎక్కడ పుట్టి పెరిగితే ఆ సంఘానికే ఆడాలి. కొనడం, అమ్మడం లేవు. వేలంపాటలో ఆటగాళ్ల ధరలు విని అలవాటుపడిన మన చెవులకు ఇది ఏదో పాతకాలపు మాటగా తోచవచ్చు. కాని ఆ దీవి అంతటా వేయికి పైగా సంఘాలు ఈ కట్టుబాటు మీదనే నడుస్తున్నాయి.

ఈ ఏర్పాటుకు మూలపురుషుడు ఒక బడిపంతులని తెలిసినప్పుడు నాకు కలిగిన సంతోషం ఇంతా అంతా కాదు. ఆయన మైకేల్ క్యూసాక్. క్లేర్ కౌంటీలో పుట్టి, డబ్లిన్‌లో ప్రభుత్వోద్యోగ పరీక్షలకు విద్యార్థులను తయారుచేసే విద్యాలయం నడిపినవాడు. 1884 నవంబరు 1 న థర్ల్స్ అనే పట్టణంలోని ఒక హోటలులో గుప్పెడు మందిని కూర్చి గేలిక్ అథ్లెటిక్ అసోసియేషన్ స్థాపించాడు. అప్పటికి ఐర్లండు 1845 నాటి మహాక్షామంలో పదిలక్షల మందిని పోగొట్టుకొని, అంతమందిని ఓడలెక్కించి, ఇంకా తేరుకోలేదు. ఐరిష్ భాష మాట్లాడేవారు ఏటేటా తగ్గుతున్నారు. ఊళ్లలో పాత ఆటలు అణగారి, పాలకుల ఆటలు పెద్దరికం సంపాదించాయి. భాషను నిలబెట్టడానికి గేలిక్ లీగ్ అనే సంస్థ 1893 లో వచ్చింది. ఆటను నిలబెట్టే సంస్థ దానికి తొమ్మిదేళ్లు ముందే వచ్చింది. మాట కంటే ముందు ఆట! క్యూసాక్ ముక్కోపి, తగవులు పడి రెండేళ్లు నిండకముందే కార్యదర్శి పదవి పోగొట్టుకున్నాడు. అయినా ఆయన నాటిన మొక్క మానయింది.

ఆ నాటిన మూడేళ్లకు, 1887 లో, ఆర్మా కౌంటీ దక్షిణపు కొసన ఉన్న క్రాస్‌మాగ్లెన్‌లో రేంజర్స్ సంఘం పుట్టింది. రంగులు నలుపు, బంగారుపసుపు. ఊరు చిన్నది. నడుమ ఊరి పరిమాణానికి మించిన విశాలమైన సంతబయలు, చుట్టూ దుకాణాలు, ఆ వెనుక రాళ్ల గట్లు వేసుకున్న చిన్న చిన్న పొలాలు. ఇది కవుల సీమ అని తెలిసిన తరువాత నాకు ఆ ఊరి మీద మరింత మమకారం కలిగింది. పదునెనిమిదవ శతాబ్దంలో ఐరిష్ భాషలో కవిత్వం చెప్పిన ఆర్ట్ మకూయి సమాధి ఊరికి చేరువనే క్రెగ్గన్ చర్చి ఆవరణలో ఉన్నది. ఆయన కవిత్వాన్ని పరిష్కరించి 1973 లో ప్రకటించిన పండితుడు టొమాస్ ఓ ఫీ ఈ ప్రాంతపు బిడ్డే. ఆయన తరువాత ఆర్మా పీఠానికి ఆర్చిబిషప్, ఆపైన కార్డినల్ అయినాడు. ఊరి నడిమి సంతబయలు నేడు ఆయన పేరనే ఉన్నది. అక్కడి జనం నాలుకలపై ఐరిష్ క్రమంగా సన్నగిల్లిపోయింది. వారికి మిగిలిన తమదైన పలుకు ఈ ఆటే అని నాకు అనిపిస్తుంది.

1921 లో ఐర్లండు రెండు ముక్కలయింది. గీత క్రాస్‌మాగ్లెన్‌కు దక్షిణాన కొద్ది కిలోమీటర్ల దూరంలో పడింది. సంతకు పోయే దారి, చుట్టాల ఇళ్లు అవతలి దేశమైనాయి. ఊరు బ్రిటన్ పాలనలో మిగిలింది. కాని ఆటల సంస్థ ఆ గీతను గుర్తించలేదు. ఆర్మా జట్టు మునుపటివలెనే తొమ్మిది కౌంటీల అల్‌స్టర్ పోటీలలో ఆడింది; గెలిస్తే డబ్లిన్ పోయింది. దేశం రెండయినా ఆట రెండు కాలేదు.

క్రాస్‌మాగ్లెన్ ఆటస్థలానికి సెయింట్ ఓలివర్ ప్లంకెట్ పేరు పెట్టుకున్నారు. ఆయన ఆర్మా ఆర్చిబిషప్. రాజద్రోహమనే అబద్ధపు నేరం మోపి 1681 లో లండనులో ఉరితీశారు. 1975 లో పునీతుడుగా ప్రకటించారు. ఆయన శిరస్సును డన్‌డాక్‌కు దక్షిణాన ఉన్న డ్రాహెడా చర్చిలో గాజుపేటికలో భద్రపరచి ఉంచారు. అటువంటి పేరుగల నేలకు ఏమి రాసిపెట్టి ఉన్నదో పేరు పెట్టిననాడు ఎవరూ ఊహించి ఉండరు.

ఆటస్థలానికి ఆనుకొని పోలీసు ఠాణా ఉన్నది. 1969 లో ఉత్తర ఐర్లండులో అల్లర్లు చెలరేగి బ్రిటిష్ సైన్యం దిగింది. దక్షిణ ఆర్మా ఐరిష్ రిపబ్లికన్ ఆర్మీకి పెట్టనికోట. రోడ్ల మీద మందుపాతరలు పేలడంతో సైన్యానికి రోడ్డుదారి మూసుకుపోయింది. మనుషులు, తిండి, తుపాకులు, ఆఖరుకు చెత్తాచెదారం కూడ హెలికాప్టర్లలోనే రావాలి, పోవాలి. హెలికాప్టరు దిగడానికి చదునైన చోటు కావాలి. ఊరిలో చదునైన చోటు ఆటస్థలమే. ఈ విధంగా 1970 ల తొలి సంవత్సరాలలో ఠాణా కోటగా పెరిగి, ఇనుపరేకుల ప్రహరీలు, కావలిబురుజులు లేచి, సంఘపు నేలలో కొంతభాగాన్ని సైన్యం తీసుకున్నది. అది ఒకనాడో రెండునాళ్లో కాదు. ఒక తరం పిల్లలు పుట్టి, ఆ నీడలోనే బంతి ఆడి, పెండ్లిళ్లు చేసుకొని, తమ పిల్లలను అదే మైదానానికి పంపినంత కాలం.

ఆట జరుగుతుండగా హెలికాప్టరు తలల మీదుగా తక్కువ ఎత్తున వచ్చి దిగేది. దాని గాలికి బంతి దారితప్పేది. గోడ దాటి కోటలో పడిన బంతి మీద ఆశ వదులుకోవలసిందే. నేల తిరిగి ఇమ్మని సంఘమూ, దానికి పైనున్న అసోసియేషనూ ఏళ్లతరబడి అడుగుతూ వచ్చాయి. అడుగుతూనే ఆడాయి. ఈ రెండవ మాటే నాకు ముఖ్యమైనది. ఆడడం మానుకొని ఉంటే అడగడం కూడ కొన్నాళ్లకు ఆగిపోయేది.

ఈ మాట ఊరకే అనడం లేదు. నేను పనిచేసిన ఒకానొక ఊరిలో బడికి ఎకరంన్నర ఆటస్థలం ఉండేది. ఒక కార్యాలయంవారు తాత్కాలికమని చెప్పి అందులో సామాను దింపుకున్నారు. ఆపైన షెడ్డు వేశారు. ఆపైన గోడ కట్టారు. పెద్దలు అర్జీలు పెట్టారు, కలెక్టరుగారిని కలిశారు. పిల్లలు మాత్రం తొలినాడే బంతులు తీసుకొని కాలువగట్టుకు పోయారు. నేలమీద ఆట ఆగిపోయిన తరువాత అర్జీలో బలం లేకపోయింది. "ఇక్కడ ఎవరూ ఆడుకోవడం లేదు గదా" అని జవాబు వచ్చింది. అది నిజమే కూడ. క్రాస్‌మాగ్లెన్‌వారికి ఎవరూ ఆ జవాబు చెప్పలేకపోయారు. ప్రతి ఆదివారం పదిహేనుమంది నలుపు పసుపు చొక్కాలతో దిగి గీతలు గీసిన నేలలో నిలబడుతూ వచ్చారు. పిల్లలకు ఆట నేర్పేవారు నేర్పారు, చొక్కాలు ఉతికేవారు ఉతికారు, టీ కాచేవారు కాచారు. ఊపిరాడని చోట ఊపిరి ఆడించడమంటే ఇదేనేమో.

కథను ఒకవైపు నుండే చెప్పడం న్యాయం కాదు. ఆ ఇనుపకోటలో కాపలా కాసినవారు కూడ ఎక్కడో పల్లెలనుండి వచ్చిన ఇరవయ్యేళ్ల కుర్రవాళ్లు. ఆ ఊరి వీధులలో, ఆ చుట్టుపట్ల రోడ్ల మీద ప్రాణాలు విడిచినవారు వారిలో ఎందరో ఉన్నారు. మొత్తం ఆ మూడు దశాబ్దాల అల్లర్లలో సుమారు 3,500 మంది చనిపోయారు. అసోసియేషన్ కూడ తన చుట్టూ గోడలు కట్టుకున్న సంస్థే. పాలకుల ఆటలు ఆడినవారిని, చూచినవారిని సైతం వెలివేసే నియమం ఒకటి 1971 దాకా ఉండేది. బ్రిటిష్ సైనికులకు, ఉత్తర ఐర్లండు పోలీసులకు సభ్యత్వం లేదనే ఇరవై ఒకటవ నియమం 2001 నవంబరు దాకా ఉన్నది. దానిని రద్దుచేసేటప్పుడు ఉత్తర ఐర్లండులోని ఆరు కౌంటీలలో ఐదు వద్దన్నాయి. వాటిలో ఆర్మా ఒకటి. గాయం తగిలినవాడు తలుపు తీయడానికి ఆలోచిస్తాడు. తీసినవారు గొప్పవారే, ఆలోచించినవారిని తప్పుపట్టడానికి నాకు నోరు రాదు.

గోడ ఇంకా లేచి ఉండగానే ఆ ఊరికి మంచిరోజులు వచ్చాయి. 1996 లో రేంజర్స్ ఆర్మా కౌంటీ విజేతలైనారు. ఆపైన 2008 వరకు వరుసగా పదమూడేళ్లు ఆ కప్పు ఊరు దాటలేదు. 1997 మార్చి 17, సెయింట్ పాట్రిక్ పండుగనాడు, క్రోక్ పార్కులో మేయో కౌంటీకి చెందిన నాక్‌మోర్ జట్టును ఓడించి అఖిల ఐర్లండు సంఘాల విజేతలుగా నిలిచారు. తిరిగి 1999, 2000, 2007, 2011, 2012 లలో గెలిచారు. మొత్తం ఆరు. కార్క్ నగరానికి చెందిన నీమో రేంజర్స్ ఏడుమార్లు గెలిచారు. వారు తప్ప వీరికంటె ఎక్కువ గెలిచిన సంఘం లేదు. అది నగరం, ఇది సంతబయలు చుట్టూ నాలుగు వీధులు. నగరం నుండి ఆటగాళ్లను అరువు తెచ్చుకొనే వీలు లేదు గనుక, ఆ ఆరు కప్పులూ ఆ నాలుగు వీధుల పిల్లలూ, చుట్టూ పొలాల పిల్లలూ తెచ్చినవే.

మొదటి మూడు విజయాలకు జట్టును నడిపినవాడు జో కెర్నన్. ఆ ఊరివాడే. 1977 లో అఖిల ఐర్లండు ఫైనల్లో ఓడిన ఆర్మా జట్టులో ఆటగాడు. 2002 నాటికి కౌంటీ జట్టు బాధ్యత ఆయనకు వచ్చింది. ఆర్మా అప్పటికి ఒక్కమారు కూడ అఖిల ఐర్లండు కప్పు గెలవలేదు. 1953 లో ఒకసారి, 1977 లో ఒకసారి ఫైనల్లో ఓడింది. 2002 సెప్టెంబరు 22 న ఎదుట నిలిచింది ఈ ఆటలో అందరికంటె ఎక్కువ కప్పులు గెలిచిన కెర్రీ. సగం ఆట ముగిసేసరికి ఆర్మా నాలుగు పాయింట్లు వెనుకబడి ఉన్నది. క్రాస్‌మాగ్లెన్‌కే చెందిన అషీన్ మక్కాన్‌విల్‌కు వచ్చిన పెనాల్టీ గోలు కాకుండా పోయింది. విరామంలో కెర్నన్ 1977 లో ఓడినవారికిచ్చిన తన జ్ఞాపికను ఆటగాళ్లకు చూపించి, మీరు బతుకంతా ఇటువంటిది దాచుకుంటారా అన్న భావంతో మాట్లాడి, దానిని గోడకేసి విసరికొట్టాడట. రెండవ సగంలో అదే మక్కాన్‌విల్ గోలు కొట్టాడు. ఆర్మా 1-12, కెర్రీ 0-14. పదిహేనుకు పదునాలుగు. నూటికి పైబడిన ఏళ్ల నిరీక్షణ ఒక్క పాయింటు తేడాతో తీరింది.

అషీన్ అంటే ఐరిష్ పురాణగాథలలో ఒక వీరకవి పేరు. ఈ అషీన్ 2007 లో తన జీవితకథను పుస్తకంగా వెలువరించి, తాను జూదానికి బానిసై ఎంత లోతుకు జారినదీ, ఎట్లా బయటపడినదీ దాచకుండా చెప్పుకున్నాడు. తరువాత అటువంటి వ్యసనపరులకు సలహాలు చెప్పే వృత్తి చేపట్టాడు. ఊరంతా భుజాల మీద మోసిన ఆటగాడు అదే ఊరి ఎదుట తన లోపం చెప్పుకోవడం ఫైనల్లో గోలు కొట్టడం కంటె కష్టమైన పని. ఆట ఆడినవాడు నిజమూ ఆడాడు.

1998 ఏప్రిల్ 10 న శాంతి ఒప్పందం కుదిరింది. గోడలు ఒక్కనాడు కూలలేదు. సైన్యం దశలవారీగా తగ్గి, బురుజులు ఒకటొకటిగా దిగి, 2007 జూలై 31 తో ఉత్తర ఐర్లండులో సైనికచర్య ముగిసింది. ఆ ఏడే క్రాస్‌మాగ్లెన్ నాలుగవమారు అఖిల ఐర్లండు కప్పు గెలవడం కాకతాళీయమే కావచ్చు. ఆ ఫైనలు మొదటిసారి సమమై, రెండవసారి ఆడితే తేలింది.

ఈ చరిత్ర అంతా నాకు చెప్పినవాడు డన్‌డాక్‌లో మా అబ్బాయి పక్కింటి పెద్దమనిషి. డెబ్బయ్యేళ్లుంటాయి. ఆయనకూ నాకూ స్నేహం కుదిరిన సందర్భం అంత సంతోషకరమైనది కాదు. 2025 జూలైలో డబ్లిన్ శివారులో ఒక భారతీయునిపై గుంపుగా దాడిచేసి గాయపరచారు. ఆ వెనుక మరికొన్ని దాడులు జరిగాయి. ఆగస్టు 1 న భారత రాయబార కార్యాలయం, నిర్మానుష్యమైన చోట్లకు, ముఖ్యంగా అపరాత్రి వేళల పోవద్దని మనవారికి హెచ్చరిక చేసింది. మా ఇంట వెలుతురు తగ్గినట్లయింది. కోడలు సాయంత్రపు నడక వద్దన్నది. మా ఆవిడ చీరకట్టుతో వీధిలోకి రావడానికి జంకింది. ఆ శుక్రవారం రాత్రి మా అబ్బాయి మెల్లగా, "రేపు పాపను ఆటకు పంపవద్దులే నాన్నా, ఒక వారం చూద్దాం" అన్నాడు. ఆ పిల్ల పుట్టిన ఊరిలో ఆ పిల్లకు ఆ మాట వినవలసి వచ్చింది.

శనివారం ఉదయం తొమ్మిదిన్నరకు తలుపు తట్టిన చప్పుడు. పక్కింటి పెద్దమనిషి. ఆయన ఆ సంఘంలో పిల్లలకు ఆట నేర్పే బృందంలో ఒకడు. మామూలుగా మా అబ్బాయే పాపను తీసుకుపోతాడు. ఆనాడు ఆయన మమ్మల్ని ఓదార్చలేదు, జరిగినదానికి విచారం కూడ చెప్పలేదు. "పది గంటలకు ఆట. ఒకరు తక్కువైతే జట్టు చాలదు. ఆమె వస్తుంది గదా?" అన్నాడు. పన్నెండేళ్లలోపు పిల్లల ఆటలో గెలుపోటముల పట్టిక లేదు. వచ్చిన ప్రతి పిల్లనూ ఆడించాలన్నది నియమం. నిజానికి ఒకరు తక్కువైనంత మాత్రాన ఆట ఆగదు. ఆయన ఏమంటున్నాడో మా అబ్బాయికి అర్థమయింది. పాప అప్పటికే బూట్లు తొడుక్కుంటున్నది.

నేనూ వెంట వెళ్లాను. గట్టున నిలబడి ఉండగా ఆయన క్రాస్‌మాగ్లెన్ కథ ఎత్తుకున్నాడు. మరుసటి ఆదివారం తన కారులో మమ్మల్ని అక్కడికి తీసుకుపోయాడు. దగ్గరి దారే. మా వీసాల మీద రెండు దేశాలకూ చెల్లే ముద్ర ఉన్నందువల్లనే అది సాధ్యమయింది. భారతీయులకు ఆ సౌకర్యం 2015 నుండి ఉన్నది. ఆ ముద్ర లేకపోతే ఆ ఊరు నాకు లండనంత దూరం. ఎక్కడ సరిహద్దు దాటామో నాకు తెలియలేదు. కాపలా లేదు, కంచె లేదు. రోడ్డు పక్క వేగపరిమితి అంకెలు కిలోమీటర్లనుండి మైళ్లకు మారాయి, అంతే. "చిన్నప్పుడు ఇక్కడ ఆపి సోదా చేసేవారు" అని ఆయన ఒక మలుపు దగ్గర చేయి చూపించాడు. అక్కడ ఆవులు మేస్తున్నాయి.

ఓలివర్ ప్లంకెట్ మైదానంలో ఆ సాయంత్రం పెద్ద పోటీ ఏదీ లేదు. పిల్లలు కొందరు బంతి ఆడుతున్నారు. పచ్చిక చక్కగా కోసి ఉన్నది, తెల్లని గీతలు కొత్తగా గీసి ఉన్నాయి. చరిత్ర తెలియనివానికి అందులో చూడదగినదేమీ కనిపించదు. నేను గట్టు మీద చాలాసేపు నిలబడ్డాను. హెలికాప్టరు దిగిన నేల ఇది, ఇప్పుడు ఎనిమిదేళ్ల పిల్లవాడు అడుగులు లెక్కపెట్టుకుంటూ పరుగెత్తుతున్న నేల ఇది అని రెండు కాలాలనూ ఒకచోట చేర్చి చూడడానికి ప్రయత్నించాను.

గేటు దగ్గర బల్లమీద కూర్చున్న ఒక వృద్ధుడు మా పాప తొడుక్కున్న ఎరుపు తెలుపు చొక్కాను చూచాడు. అవి లౌత్ కౌంటీ రంగులు. డన్‌డాక్ ఉన్నది ఆ కౌంటీలోనే. 2025 మే నెలలో లౌత్ జట్టు లెన్‌స్టర్ ప్రాంతీయ కప్పు గెలిచింది. 1957 తరువాత మళ్లీ గెలవడం అదే. నేను లోలోపల బిగుసుకున్నాను. ఏ దేశం, ఎప్పుడు వచ్చారు, ఎప్పుడు పోతారు అనే ప్రశ్నలు ఆ వేసవిలో మావారు చాలామంది విన్నారు. ఆ వృద్ధుడు కనుబొమలు ముడిచి, "లౌత్ పిల్లవా? ఈ ఏడు మీవాళ్లకు కొమ్ములు వచ్చాయి. ఇది ఆర్మా. ఇక్కడ ఆ చొక్కా తొడుక్కు తిరగడానికి నీకెంత ధైర్యం?" అన్నాడు. పక్కింటాయన పకపక నవ్వాడు. ఆ వెక్కిరింత పొరుగు కౌంటీవారు ఒకరితో ఒకరు ఆడుకొనే మాట అని నాకు అర్థం కావడానికి ఒక క్షణం పట్టింది. మా పాపకు క్షణం కూడ పట్టలేదు. నడుముమీద చేయి పెట్టుకొని, "మీకు ఒక్క పాయింటుతో గెలవడం తప్ప రాదు" అన్నది. 2002 లోనే గాక, 2024 జూలై 28 న గాల్వే మీద గెలిచినప్పుడు కూడ ఆర్మా 1-11, గాల్వే 0-13; తేడా ఒక్కటే పాయింటు. ఈ లెక్కలు ఆ పిల్లకు ఎవరు చెప్పారో నాకు తెలియదు. ఆ వృద్ధుడు టోపీ తీసి ఆమెకు నమస్కారం చేశాడు.

అతిథికి మర్యాద చేయడం అన్ని దేశాలలోనూ ఉన్నది. అతిథి ఎప్పటికైనా తిరిగి పోవలసినవాడు. వైరి జట్టుగా ఎంచడం వేరు; ఎదుటి బరిలో ఆమెకంటూ ఒక చోటు ఉన్నదని, రేపు కూడ అక్కడ ఉంటుందని ఒప్పుకుంటే తప్ప ఆ మాట రాదు. నేల కోసం ముప్పదేళ్లకు పైగా పట్టువిడువని ఊరిలో, నేల విలువ తెలిసిన ఒక ముసలాయన నోట మా పాపకు ఆ చోటు దొరికింది. డబ్లిన్‌లో జరిగినవి దీనివల్ల జరగనివి కావు. ఈ రెండూ ఒకే దేశంలో, ఒకే వేసవిలో జరిగాయి. రెండింటినీ రాసిపెట్టడం నా విధి అనుకున్నాను.

తిరుగుదారిలో పాప కారు వెనుకసీటులో కూర్చొని, "తాతయ్యా, ఆడపిల్లలకు కూడ అఖిల ఐర్లండు కప్పు ఉన్నది, తెలుసా?" అన్నది. తెలియదన్నాను. మహిళల గేలిక్ ఫుట్‌బాల్ సంఘం 1974 లో, అదే థర్ల్స్ పట్టణంలో, అదే హోటలులో పుట్టిందని పక్కింటాయన అందించాడు. "పెద్దయ్యాక ఆర్మాను నేను ఓడిస్తాను. ఒక్క పాయింటుతో కాదు, చాలా పాయింట్లతో" అని పాప కిటికీలోనుండి ఆ ఊరివైపు చూస్తూ అన్నది. అప్పటికే వేగపరిమితి అంకెలు మైళ్లనుండి కిలోమీటర్లకు మారాయి.